ఐదు వస్తువుల పళ్ళెం: గాంధీ తిన్నవి వండి చూస్తున్న డైరీ

శనివారం

మా వీధి గ్రంథాలయంలో అక్టోబరు 2 అంటే ఏటా ఒకే తంతు. పటానికి దండ, ఇద్దరు పెద్దల ప్రసంగాలు, పిల్లలకు చాక్లెట్లు. ఈసారి ప్రసంగాలు కాస్త తగ్గించి ఓ బల్ల వేద్దాం, గాంధీ వేర్వేరు కాలాల్లో తిన్న భోజనాలు దాని మీద పెడదాం అన్నాను. అన్న పాపానికి వంట నా నెత్తిన పడింది.

గాంధీ తిండి అనగానే అందరూ మేకపాలు, వేరుశనగ పప్పులు అనేసి ఊరుకుంటారు. ఆయన రాసుకున్నవి చదివితే సంగతి వేరుగా ఉంటుంది. ఏది ఎన్ని తులాలు, ఎన్ని గంటలకు, దేని బదులు ఏది అన్నీ స్పష్టంగా రాసిపెట్టాడు. వంట చేసే మనిషికి ఇంతకన్నా ఏం కావాలి? కొలతలున్నాయి, వేళలున్నాయి, మొదలుపెట్టడమే.

మొదటి పళ్ళెం ఏదన్నదానికి పెద్దగా ఆలోచించలేదు, అది మా ఊరిదే. 1929 వేసవిలో ఆంధ్ర పర్యటనకు వచ్చినప్పుడు రాజమండ్రిలో ప్రకృతి చికిత్స చేసే సుందరం గోపాలరావు గాంధీని కలిశాడు. తొట్టి స్నానాలూ అవీ మంచివే గానీ అవీ కృత్రిమమే, జబ్బు వదలాలంటే వంటలోంచి నిప్పునే తీసేయాలి, జంతువుల్లాగా అన్నీ పచ్చివే తినాలి అని ఆయన వాదన. అప్పటికి గాంధీకి 59 ఏళ్ళు. ఆ వయసులో ఇంకొకరైతే నవ్వి పంపేసేవారు. ఈయన మొదలుపెట్టేశాడు, జూన్‌లో తన పత్రిక యంగ్ ఇండియాలో లెక్కంతా అచ్చు వేశాడు. రోజుకి మొలకెత్తిన గోధుమలు 8 తులాలు, ముద్దగా నూరిన బాదంపప్పు 8 తులాలు, దంచిన ఆకుకూర 8 తులాలు, పుల్లటి నిమ్మకాయలు 6, తేనె 2 ఔన్సులు. వారంలో రెండు మూడుసార్లు గోధుమల బదులు అంతే ఎత్తు మొలకెత్తిన శనగలు. ఇదంతా రెండు భాగాలు చేసి ఒకటి పొద్దున 11 గంటలకు, రెండోది సాయంత్రం 6:15కి. నిప్పు తగిలేది నీళ్ళకు ఒక్కదానికే. మరిగిన నీళ్ళలో నిమ్మరసం, తేనె కలిపి రోజుకి రెండుసార్లు తాగేవాడు.

గోదావరి ఒడ్డున మొదలైన ప్రయోగం ఇది. ఈ ఊళ్ళో పుట్టి పెరిగిన దాన్ని, నాకు నిన్నమొన్నటిదాకా తెలీదు.

ఆదివారం

ఇవాళంతా తూకాలతోనే సరిపోయింది.

తులమంటే 10 గ్రాములని మా వీధి చివర నగల కొట్టు అబ్బాయి చెప్పాడు. ఆ లెక్కన 8 తులాలు 80 గ్రాములు. ఇంటికొచ్చి మామయ్యగారితో అంటే ఆయన పేపరు పక్కన పెట్టేశారు.

"అది ఇప్పటి తులమమ్మా. అప్పటి తులమంటే రూపాయి ఎత్తు."

"ఏ రూపాయండీ?"

"పూజ గదిలో లక్ష్మీదేవి డబ్బాలో ఉంటుంది చూడు. ఐదో జార్జి తల ఉన్నది."

దీపావళికి మాత్రమే బయటికి వచ్చే వెండి రూపాయి అది. తీసి డిజిటల్ కాటా మీద పెడితే 11.6 చూపించింది. బ్రిటిష్ ఇండియా రూపాయి ముద్రించిన బరువు 11.66 గ్రాములు, అంటే 180 గ్రెయిన్లు. తులం కూడా సరిగ్గా అంతే. తొంభై ఏళ్ళు దాటాక కూడా మా రూపాయి పెద్దగా అరగలేదు. కాబట్టి 8 తులాలంటే 93 గ్రాములు. నగల కొట్టు తులం పట్టుకుని ఉంటే గాంధీకి పూటపూటకీ కోత పడేది.

మామయ్యగారు అక్కడితో ఆగలేదు. మూడు రూపాయల ఎత్తు పలం, నలభై పలాలు వీశె, ఎనిమిది వీశెలు మణుగు అని ఎక్కాల్లా అప్పజెప్పారు. మెట్రిక్ తూకాలు వచ్చినప్పుడు ఆయనది ఎలిమెంటరీ బడి వయసు. పాత లెక్క మాత్రం నాలుక మీద అలాగే ఉండిపోయింది. మా పాప తొమ్మిదో తరగతి. ఆ పిల్లకి ఇదంతా వింతగా ఉంది. కాగితం మీద రాసుకుని ఫ్రిజ్‌కి అంటించింది.

బాదంపప్పు కొని తెచ్చాను. కిలో వెయ్యికి అటూ ఇటూ చెబుతున్నారు. నిరాడంబర భోజనం అంటే చవక భోజనం అనుకునేవాళ్ళకి ఈ రసీదు చూపించాలి.

మంగళవారం

గోధుమలు రాత్రంతా నానబెట్టి, పొద్దున వడకట్టి పాత పంచె గుడ్డలో మూట కట్టాను. మర్నాటికి మూతులు తెల్లగా విచ్చుకున్నాయి. 93 గ్రాముల గింజ మొలకొచ్చేసరికి నూట యాభై దాకా తూగింది. అందుకని ఇంట్లో చిన్న తగాదా లేచింది. 8 తులాలన్నది ఎండు గింజకా, మొలకకా? ఆయన రాసింది మొలకెత్తిన గోధుమలు 8 తులాలని. మాట ఎలా ఉంటే అలాగే తీసుకుందామని మొలకలనే తూచాం. కడుపు నిండని వైపుకే తీర్పు పడిందని మా ఆయన గొణిగారు.

బాదంపప్పు పనితోనే తెల్లారింది. వేణ్ణీళ్ళలో నానాక వేలితో నొక్కితే తొక్క జారిపోతుంది. పది గింజల వరకూ సరదాగానే ఉంటుంది. 93 గ్రాములంటే ఎనభై గింజల దాకా వచ్చాయి. వేళ్ళ చివర్లు ముడతలు పడిపోయాయి. మిక్సీ వాడకుండా సన్నికల్లు మీద నూరదామనుకున్నాను. మొదట పొడిపొడిగా నలిగి, తర్వాత రాయికి అతుక్కుని, ఉన్నట్టుండి నూనె తేలి మెత్తటి ముద్దయింది. ఆ ముద్ద వేలితో తీసి నాలుక మీద వేసుకుంటే కమ్మగా, పచ్చి వాసనతో ఉంది.

ఆకుకూరల్లో ఏ ఆకన్నదీ నా ఇష్టానికే వదిలేశాను. పాలకూర, మెంతికూర, ముల్లంగి ఆకు కలిపి తూస్తే 93 గ్రాములకు పళ్ళెం పొంగిపొర్లింది. రోట్లో వేసి దంచితే గుప్పెడైంది. ముల్లంగి ఆకు గరుకు పోయింది గానీ ఘాటు పోలేదు.

11 గంటలకు సగం పళ్ళెం ముందు పెట్టుకుని కూర్చున్నాను. మొలక గోధుమ మొదట తియ్యగా ఉంటుంది. నమిలే కొద్దీ జిగురవుతుంది, ఎప్పటికీ అయిపోదు. పదిహేను నిమిషాలు నమిలాక దవడలు నొప్పెట్టాయి. ఆకు ముద్దలో నిమ్మకాయ పిండితే గానీ మింగుడు పడలేదు, అప్పుడు ఆరు కాయలెందుకో బోధపడింది. బాదం ముద్దలో తేనె కలుపుకున్నది మాత్రం మామయ్యగారు కూడా అడిగి రెండు చెంచాలు వేయించుకున్నారు.

పాప కేలరీల లెక్క వేసింది. బాదంలోంచి 540 దాకా, తేనెలోంచి 170, గోధుమల్ని ఎండు గింజగా తూచినా 300 చిల్లర, ఆకులూ నిమ్మకాయలూ కలిపి ఇంకో 80. మొత్తం సుమారు 1100. అందులో సగం బాదందే. అది తీసేస్తే ఈ పళ్ళెంతో మనిషి నిలబడడు. రోజూ సభలు, ప్రయాణాలు, ఉత్తరాలు ఉన్న మనిషికి 1100 ఎలా చాలుతుంది? చాలలేదు కూడా. ఆగస్టులో జిగట విరేచనాలు పట్టుకున్నాయి, పచ్చి తిండి ఆపేసి మళ్ళీ మేకపాలకు వచ్చాడు. ఆ ఆపేయడాన్నీ దాచలేదు. నాకు నచ్చింది అదే. రాజమండ్రి వైద్యుడి మాట మీద మొదలుపెట్టినట్టు చెప్పాడు, ఎన్ని తులాలో చెప్పాడు, చివరికి ఒంటికి పడలేదనీ చెప్పాడు.

శుక్రవారం

నిన్న రాత్రి గిన్నెలు సర్దుతుంటే ఒకటి తట్టింది. గోధుమలు, బాదం, ఆకులు, నిమ్మకాయలు, తేనె. వేళ్ళ మీద లెక్కపెడితే ఐదు. శనగలు వస్తే గోధుమలు పోతాయి గానీ వాటికి తోడు రావు. ఆరోది ఎప్పుడూ లేదు.

ఈ ఐదు వెనక 1915 హరిద్వార్ కుంభమేళా ఉంది. ఆ ఏడాదే దక్షిణాఫ్రికా నుంచి తిరిగి వచ్చాడు, అప్పటికి పళ్ళూ, బాదం లాంటి గింజపప్పులే ఆహారం. కలకత్తాలో భూపేంద్రనాథ్ బసు ఇంట్లో దిగితే, ఈయన పళ్ళే తింటాడని తెలిసి బజారులో దొరికే పళ్ళూ ఎండుపళ్ళూ అన్నీ తెప్పించారు. ఆ ఇంటి ఆడవాళ్ళు రాత్రంతా మేలుకుని రకరకాల పప్పులు ఒలిచారు. రంగూన్‌లో డాక్టర్ మెహతా ఇంట్లోనూ రకాలకు అంతులేదు. తన మూలంగా ఇంటివాళ్ళకు ఇంత అవస్థ ఏమిటని కుంభమేళాలో వ్రతం పట్టాడు. హిందూదేశంలో ఉన్నంతకాలం 24 గంటల్లో ఐదు వస్తువులకు మించి తినను, పొద్దుగుంకాక తినను. 1929లో రెండో భోజనం 6:15కి ఎందుకో ఇప్పుడు చూడండి. వేసవిలో అప్పటికింకా వెలుగు ఉంటుంది.

ఆడవాళ్ళు రాత్రంతా పప్పులు ఒలిచారన్న ఆ ఒక్క వాక్యం మూడు రోజుల క్రితమైతే చదివేసి పక్కకు వెళ్ళిపోయేదాన్ని. ఎనభై బాదం గింజలు ఒలిచిన చేత్తో చదివితే అక్కడే ఆగిపోయాను. ఇంకో సంగతి. వ్రతం వస్తువుల సంఖ్యను తగ్గించింది, ఒలిచే పనిని తగ్గించలేదు. పద్నాలుగేళ్ళ తర్వాత కూడా ఎవరో ఒకరు 8 తులాల బాదం ముద్ద నూరాల్సిందే.

ఐదు లెక్క మా ఇంట్లో ఎలా ఉంటుందో చూద్దామని ఇవాళ మధ్యాహ్నం వంటలో పడ్డ ప్రతిదీ రాశాను. పోపు దగ్గరే తెల్లారిపోయింది. ఆవాలు, మినప్పప్పు, జీలకర్ర, ఎండుమిరపకాయ, కరివేపాకు. ఐదూ అయిపోయాయి, ఇంకా అన్నం రాలేదు. ఇంగువ, నూనె, పసుపు, కందిపప్పు, చింతపండు, వంకాయ, అల్లం ఇలా రాసుకుంటూ పోతే ఇరవై దాటింది. ఆవకాయ మూత తియ్యలేదు, దానికి వేరే కాగితం కావాలి.

రేపు ఐదింటితో గడుపుతామని అందరం ఒప్పుకున్నాం. బియ్యం, పెసరపప్పు, నెయ్యి, మజ్జిగ వరకూ ఎవరూ గొడవ పడలేదు. ఐదోది ఉప్పా, కూరా?

శనివారం

ఉప్పే గెలిచింది. ఉప్పు లేకపోతే మిగతా నాలుగూ ఉన్నా లేనట్టే అని మా ఆయన తేల్చేశారు. పులగం, నెయ్యి, ఉప్పేసిన మజ్జిగ. పొద్దున్న బాగుంది, మధ్యాహ్నం ఫరవాలేదు, సాయంత్రం పాప పక్కింటి పిన్నిగారింట్లో జంతికలు తిని వచ్చింది. వ్రతం ఆ గుమ్మం దగ్గర ముగిసింది.

ఉప్పు దగ్గర కస్తూర్బా గుర్తొచ్చింది. దక్షిణాఫ్రికాలో ఆవిడకు రక్తస్రావం ఆగక, ఉప్పూ పప్పులూ మానేస్తే తగ్గుతుందని భర్త ఆవిడతో అన్నాడు. ఎంత నచ్చజెప్పినా ఆవిడ వినలేదు. చివరికి, మానమని మీకు చెబితే మీరైనా మానగలరా అని అడిగింది. అడగడమే తడవు, ఇదిగో ఏడాది పాటు రెండూ మానేశాను అన్నాడు. నన్ను క్షమించండి, నేను మానతాను, మీరు మీ మాట వెనక్కి తీసుకోండి అని ఆవిడ ఏడ్చింది. వెనక్కి తీసుకోలేదు. ఆయన దీన్ని తన జీవితంలోని తీయని జ్ఞాపకాల్లో ఒకటిగా రాసుకున్నాడు. కస్తూర్బా రాసి ఉంటే ఏమని రాసేదో నాకు అనుమానమే.

సోమవారం

లండన్ పళ్ళెం తేలిగ్గానే అయిపోయింది. 1888లో చదువుకి వెళ్ళిన కుర్రాడికి మాంసం ముట్టనని తల్లికిచ్చిన మాట ఉంది, ఇల్లుగలావిడ పెట్టే ఉప్పూ కారం లేని ఉడకబెట్టిన కూరలు నోటికి ఎక్కవు. ఆకలితో వీధులన్నీ తిరిగి ఫారింగ్డన్ స్ట్రీట్‌లో ఒక శాకాహార భోజనశాల కనిపెట్టి, ఇంగ్లండులో మొదటిసారి కడుపునిండా తిన్నది అక్కడే. తర్వాత ఖర్చు తగ్గించి సొంతంగా వండుకోవడం మొదలుపెట్టాడు. పొద్దున ఓట్ల గంజి, కోకో. మధ్యాహ్నం బయట. రాత్రికి రొట్టె, కోకో. రోజుకి ఒక షిల్లింగు మూడు పెన్నీలతో గడిచిపోయేది. ఊరి నుంచి వచ్చే మిఠాయిలు, మసాలాలు తెప్పించుకోవడం మానేశాక, మొదట్లో చప్పగా తోచిన ఉడికించిన పాలకూర రుచిగా అనిపించిందట. రుచి నాలుకలో లేదు, మనసులో ఉంది అన్న మాట అక్కడిదే.

నేనూ పాలకూర ఉడికించి ఉప్పు కూడా లేకుండా తిన్నాను. నా మనసు ఇంకా అక్కడికి చేరలేదు. ఓట్లూ కోకో ఇప్పుడు సూపర్ మార్కెట్లో దొరుకుతాయి కాబట్టి ఈ పళ్ళేనికి ఇంతకన్నా రాయాల్సిందేమీ లేదు.

బుధవారం

జొహానెస్‌బర్గ్ రొట్టె కోసం అటక మీద తిరగలి దింపించాం. మా అత్తగారి అత్తగారిది. పై రాయి ఒక్కటే ఎత్తడానికి మా ఆయన, పైవాటా అబ్బాయి ఇద్దరూ పట్టాల్సి వచ్చింది. గాంధీ అక్కడ బేకరీ రొట్టె మాని, జర్మన్ ప్రకృతి వైద్యుడు లూయీ కూనే చెప్పిన పద్ధతిలో, పులియబెట్టకుండా పొట్టు తియ్యని పిండితో ఇంట్లోనే రొట్టె చేయించేవాడు. మిల్లు పిండి దానికి పనికిరాదని 7 పౌండ్లు పెట్టి చేత్తో తిప్పే ఇనుప మర కొన్నాడు. చక్రం ఒక్క మనిషికి బరువు, ఇద్దరికి తేలిక. ఆయన, ఇంగ్లీషు స్నేహితుడు పోలాక్, పిల్లలు తిప్పేవారు, కస్తూర్బా కూడా అప్పుడప్పుడు చెయ్యి వేసేది. మామూలుగా ఆవిడకు వంట పని మొదలయ్యే వేళే అది అని ఆయనే రాశాడు.

మా తిరగలి పిడి వదులైపోయింది. చింతకర్ర ముక్క చెక్కి బిగించాం. గోధుమలు గుప్పెడు గుప్పెడుగా పోస్తూ తిప్పితే మొదటి చుట్టుకి నూక, రెండో చుట్టుకి రవ్వ, మూడోసారికి గానీ పిండి అనిపించుకోదు. ఒక్కదాన్నే కూర్చుంటే ఒక కాలు చాపి తిప్పాలి. ఎదురుగా ఇంకొకరు కూర్చుంటే రాయి తనంతట తానే తిరుగుతున్నట్టు ఉంటుంది. పక్కింటి పిన్నిగారు వచ్చి కూర్చుని రెండు తిప్పులు తిప్పగానే పాట అందుకున్నారు. తిరగలి ముందు నోరు ఊరుకోదు, అది మన ఆడవాళ్ళకి అలవాటు. పోలాక్, గాంధీ ఏం పాడుకునేవారో!

పిండిలో నీళ్ళు తప్ప ఏమీ వెయ్యకుండా గట్టిగా కలిపి చిన్న ముద్దలు చేసి, పొట్టు చల్లి ఓవెన్‌లో పెట్టాను. పైన పెంకు కట్టింది, లోపల ముద్దగా ఉంది, పొడవునా పగిలింది. రెండో విడతలో పిండి కలిపి గంటసేపు నాననిచ్చి, పల్చగా ఒత్తి ఎక్కువసేపు కాల్చాను. ఇది నయం. వెన్న రాసుకుంటే గోధుమ రుచి బాగా తెలుస్తోంది. మామయ్యగారు మాత్రం పళ్ళు కట్టించుకున్న మనిషికి ఇది పెట్టడం నేరం అన్నారు.

ఆదివారం

ఇవాళ దండి పళ్ళెం. నిజానికి ఇది నాలుగు పూటల భోజనం. మధ్యాహ్నం దాకా వంటింట్లోంచి బయటికి రాలేదు.

1930 మార్చి 12న సబర్మతి నుంచి 78 మందితో బయలుదేరే ముందు, దారిలో పల్లెలవాళ్ళు ఏం పెట్టాలో గాంధీ ముందే రాసి పంపాడు. అంత సూటి మెనూ నేను ఇంకోటి చూడలేదు. పొద్దున రాబ్, ఢేబరా. రాబ్ మాత్రం దండువాళ్ళే కాచుకుంటారు, వదిలేయండి. మధ్యాహ్నం భాఖ్రీ, కూర, మజ్జిగ లేకపోతే పాలు. సాయంత్రం నడక మొదలెట్టే ముందు వేయించిన శనగలు. రాత్రికి కిచిడీ, కూర, మజ్జిగ లేదా పాలు. కూరలు ఉత్తినే ఉడకబెట్టాలి, నూనె, మసాలా వద్దు. మిరపకాయ పచ్చిదీ వద్దు, ఎండుదీ వద్దు, కాయా వద్దు, పొడీ వద్దు. మిఠాయిలు చేసినా తినరు. తాంబూలాలకు, టీలకు డబ్బు తగలేయకండి. మనిషికి నెయ్యి రోజుకి 3 తులాలు మించకూడదు, ఒక తులం రాబ్‌లో, ఒకటి భాఖ్రీకి రాయడానికి, ఒకటి కిచిడీలో. నాకు మటుకు దొరికితే మూడు పూటలా మేకపాలు, ఎండుద్రాక్ష గానీ ఖర్జూరం గానీ, మూడు నిమ్మకాయలు చాలు.

"మూడు తులాలంటే పలం" అన్నారు మామయ్యగారు వెంటనే. "మనిషికి పలం నెయ్యంటే తక్కువేం కాదమ్మా."

నిజమే. 35 గ్రాములు, అంటే నెయ్యిలోంచే 300 కేలరీలు పైన. రోజుకి సగటున 16 కిలోమీటర్ల చొప్పున 24 రోజులు నడవాల్సిన కుర్రాళ్ళకి అది కావాలి. తనకు రాసుకున్న తిండి వేరు, వాళ్ళకి రాసింది వేరు. 1929 పళ్ళెం పక్కన దీన్ని పెడితే తేడా కంటికి కనబడుతుంది.

రాబ్ అంటే మనం కాచుకునే జావకి దగ్గరి చుట్టం. తులం నెయ్యిలో సజ్జపిండి కమ్మటి వాసన వచ్చేదాకా సన్నసెగ మీద వేయించి, బెల్లం నీళ్ళు పోసి ఉండ కట్టకుండా తిప్పాలి. శొంఠి వెయ్యాలని చెయ్యి లాగింది, మసాలా వద్దన్నాడు కదా అని ఊరుకున్నాను. ఢేబరాకి సజ్జపిండిలో మెంతికూర, పెరుగు కలిపి చేత్తోనే తట్టాలి. సజ్జకి జిగురు ఉండదు, అంచులు విచ్చుకుంటాయి. తడి గుడ్డ మీద తట్టి పెనం మీదకి బోర్లిస్తే నిలబడింది. భాఖ్రీ పిండి చాలా గట్టిగా కలపాలి. మందంగా ఒత్తి, పెనం మీద గుడ్డతో నొక్కుతూ కాలిస్తే బిస్కట్టులా పెళుసుగా వస్తుంది. ప్రయాణానికి పనికొచ్చే రొట్టె. కిచిడీ మన పులగమే. ఉప్పు వేశాను. ఆ దండు వెళ్ళేది ఉప్పు మీద పన్ను ఎగ్గొట్టడానికే, ఇప్పుడు నా పాకెట్టు మీద పన్నే లేదు.

తినిపించి చూస్తే రాబ్‌కి ఎక్కువ మార్కులు పడ్డాయి. మిరపకాయ లేని ఉడికించిన సొరకాయ దగ్గర పిన్నిగారు మొహం చిట్లించి, "ఇది పథ్యమా, భోజనమా?" అన్నారు. ఆ గుజరాతీ పల్లెల్లో ఇల్లాళ్ళు కూడా ఆ ఉత్తరం చదివి అలాగే అనుకుని ఉంటారు. ఊరికి పెద్దమనిషి వస్తుంటే మిఠాయి లేకుండా, పోపు లేకుండా పెట్టడమంటే ఇంటి పరువుకి సంబంధించిన మాట.

అంత రాసి పంపినా మాట అన్నిచోట్లా సాగలేదు. మార్చి 29న భట్‌గాంలో ఆయన గట్టిగా మండిపడ్డాడు. దండు కోసం సూరత్ నుంచి మోటారు లారీలో పాలు తెప్పించారు, రాత్రి నడకలో ఒక కూలివాడి నెత్తిన బరువైన కిట్సన్ దీపం మోయించారు. పేదవాళ్ళ పేరు చెప్పుకుని నడుస్తూ ఇదేమిటని సభలోనే, తన వాళ్ళ మీదే కోప్పడ్డాడు. కలకత్తాలో పప్పులు ఒలిచిన రాత్రీ, హరిద్వార్ వ్రతమూ, దండి ఉత్తరమూ, భట్‌గాం కోపమూ ఒకే వరసలో కనిపిస్తున్నాయి నాకు. పదిహేనేళ్ళ పాటు ఆతిథ్యం ఇచ్చేవాళ్ళతో ఆయన చేసిన బేరం అది. ప్రతిసారీ ఇంటివాళ్ళే ఒకడుగు ముందుండేవారు.

గురువారం

మేకపాలు దొరకడం అనుకున్నంత తేలిక కాదు. గేదెపాలు ఎన్ని లీటర్లైనా గుమ్మంలోకి వస్తాయి, మేకపాలు అమ్మేవాళ్ళు లేరు. కోరుకొండ రోడ్డులో మందని తోలుకుపోతున్న ఆయన్ని ఆపి అడిగాను.

"పాలకోసం పెంచం తల్లీ, పిల్లలు తాగగా మిగిల్తే పిండుతాం. ఎంత కావాలి?"

"పావు లీటరు చాలు బాబాయ్."

"ఎవరికన్నా ఒంట్లో బాగోలేదా?"

గాంధీ జయంతికని చెబితే నవ్వి, ఆ రోజు పొద్దున్నే రమ్మన్నాడు. నమూనాకి ఇవాళ గ్లాసుడు పోశాడు. కాచాక పల్చటి మీగడ కట్టింది, వాసన అనుకున్నంత లేదు. వేడిగా తాగితే ఆవుపాలకీ దీనికీ తేడా పాప చెప్పలేకపోయింది. చల్లారాక చెప్పింది.

మేకపాలకి కార్డు మీద రెండే వాక్యాలు రాస్తాను. కలకత్తాలో పశువుల్ని పిండే క్రూర పద్ధతుల గురించి చదివి 1912లో దక్షిణాఫ్రికాలోని టాల్‌స్టాయ్ ఫారంలో పాలు మానేశాడు. 1918లో ఖేడాలో సైన్యంలోకి మనుషుల్ని చేర్పిస్తూ విరేచనాలతో చావు దాకా వెళ్ళొచ్చాక, డాక్టర్ దలాల్ పాలు తాగాల్సిందే అని పట్టుబడితే, మీరు మానింది ఆవుపాలు, గేదెపాలే కదా, మేకపాలకేం అడ్డు అని కస్తూర్బా దారి చూపించింది. తాగాడు, బతికాడు. వ్రతం మాట నిలిచింది గానీ దాని ప్రాణం పోయిందని జీవితాంతం బాధపడ్డాడు. ఆవిడ బాధపడినట్టు ఎక్కడా లేదు.

శనివారం

బల్ల మీదకి వెళ్ళేవి ఖాయమయ్యాయి. లండన్ ఓట్ల గంజి, కోకో. జొహానెస్‌బర్గ్ రొట్టె, దాని పక్కన తిరగలి, తిప్పాలనుకున్న పిల్లలు తిప్పొచ్చు. రాజమండ్రి పచ్చి పళ్ళెం. దండి నాలుగు పూటలూ, పక్కన చిన్న గ్లాసులో మేకపాలు. వార్ధాలోని మగన్‌వాడీలో 1935లో చేసిన సోయాచిక్కుడు ప్రయోగం కూడా పెడదామని ఉంది గానీ చేతులు చాలవు, వచ్చే ఏటికి ఉంచాను.

ఒక్కో పళ్ళెం ముందు పెట్టే కార్డులో కొలతలు తులాల్లోనూ గ్రాముల్లోనూ ఉంటాయి. వాటి కింద, దీన్ని ఎవరు ఒలిచారు, ఎవరు తిరగలి విసిరారు, ఎంతసేపు పట్టింది అని ఒక వరస వెయ్యమని పాపకి చెప్పాను. కొలతలకి తులం రుజువుగా ఐదో జార్జి రూపాయి కాటా మీదే ఉంటుంది. మామయ్యగారు కుర్చీ వేసుకుని దాని పక్కనే కూర్చుంటానన్నారు.

ఇంకా మిగిలిన పనులు. గోధుమలు సెప్టెంబరు 30 రాత్రే నానబెట్టాలి, లేకపోతే మొలక అందదు. బాదం 1వ తేదీ రాత్రి నానబెట్టి పొద్దున నలుగురం కూర్చుని ఒలవాలి. సజ్జలు ముందు రోజు ఆడించకూడదు, పిండి నిలవ ఉంటే చేదెక్కుతుంది. ఆ పొద్దున్నే మర తెరిచి ఉంచమని చెప్పి వచ్చాను. గ్రంథాలయం అధ్యక్షుడుగారు చాక్లెట్ల డబ్బా ఎప్పటిలాగే తెస్తారట, దాన్ని బల్లకి ఆ చివర పెట్టిస్తాను.